కాలగొడుగుల గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

నేను రాసే కాలగొడుగుల (చుట్టూ ఉన్న జీవుల పొద్దు తప్పించే కల్పిత పుట్టగొడుగుల) కథలు చదివినవాళ్లు అడిగిన ప్రశ్నలే మళ్లీ మళ్లీ అడుగుతున్నారు కాబట్టి అన్నీ ఒకచోట పెడుతున్నాను. కొన్నింటికి జవాబు ఒక్క ముక్క, కొన్నింటికి మాత్రం కాస్త తీరిగ్గా కూర్చోవాలి. ఏది నా కల్పన, ఏది నిజం అనేది ఎక్కడికక్కడే చెప్పేస్తాను, తర్వాత నన్ను అనొద్దు.

కాలగొడుగులు నిజంగా ఉన్నాయా? ఎక్కడ దొరుకుతాయి?

లేవు. ఎక్కడా దొరకవు. విత్తనం ప్యాకెట్ పంపమని అడిగేవాళ్లకు కూడా ఇదే జవాబు.

కథలు చదవనివాళ్ల కోసం, అసలు ఇవేంటో క్లుప్తంగా చెప్తారా?

ఆదిలాబాద్ టేకు అడవుల అంచున ఒక ఊరు. ఊరు కల్పితం, అడవి కాదు. తొలకరి పడ్డాక కూలిపోయిన నల్లమద్ది దుంగ మీద బూడిదరంగు గొడుగులు లేస్తాయి. పైకి కనిపించేది గుప్పెడే, అసలు ప్రాణి దుంగలోపల, కింద మట్టిలో సన్నటి పోగులుగా పాకి ఉంటుంది, ఇది మామూలు పుట్టగొడుగులకూ ఉన్నదే. ఆ పోగులు పాకినంత మేర జీవులకు పొద్దు తప్పుతుంది. కోడి బాగా తెల్లారిన రెండు గంటలకు కూస్తుంది, బర్రె అర్ధరాత్రి పాలు చేపుతుంది, చంటిపిల్లలు పగలంతా పడుకుని రాత్రంతా ఆడతారు, వయసు పిల్లలకు గడ్డాలు ముందే వస్తాయి. గోడ గడియారం, ఫోన్ మాత్రం కరెక్టుగానే నడుస్తుంటాయి.

కాలం మారితే గడియారం ఎందుకు మారదు? ఇది లాజిక్ తప్పు కదా?

ఎక్కువమంది గొడవపడేది ఇక్కడే. తప్పు కాదు, కావాలనే పెట్టుకున్న నియమం. కాలగొడుగు ముట్టుకోగలిగేది జీవం లోపలి గడియారాన్నే. రాయి, ఇనుము, బ్యాటరీ దాని చేతిలో లేవు. అంటే ఇది విశ్వం కాలాన్ని మార్చదు, పక్కవాడి కాలాన్ని మారుస్తుంది. కథకు నేను ఈ ఒక్క గీత గీసుకుని కూర్చోవడానికి కారణం ఉంది: నిజం శిలీంధ్రాలు, అంటే పుట్టగొడుగులు, బూజుల జాతి, చేసేదీ సరిగ్గా ఇదే కాబట్టి. కింద చదివితే అర్థమవుతుంది.

నిజం శిలీంధ్రాలకు టైం తెలుస్తుందా? మెదడే లేదు కదా?

తెలుస్తుంది. దీనికి అందరికన్నా పెద్ద సాక్షి న్యూరోస్పోరా క్రాసా అనే నారింజరంగు బూజు. బేకరీల్లో రొట్టెలు పాడుచేసే రకం. 1941లో బీడిల్, టేటమ్ అనే ఇద్దరు ఒక్కో జన్యువు ఒక్కో ఎంజైమును చేయిస్తుందని చూపించింది ఈ బూజు మీదే, దానికి 1958లో నోబెల్ వచ్చింది. ఆ తర్వాత 1959లో పిట్టెండ్రై అనే శాస్త్రవేత్త బృందం దీనికి రోజువారీ లయ ఉందని బయటపెట్టింది.

ఆ ప్రయోగం చూడటానికి చాలా సింపుల్‌గా ఉంటుంది, నాకు అందుకే ఇష్టం. పొడుగాటి సన్నని గాజు గొట్టం, రెండు కొసలూ పైకి వంచి ఉంటాయి, అడుగున అగర్ అనే జెల్లీ మేత పలచగా పోసి ఉంటుంది. ఒక కొసన బూజు నలుసు పెట్టి చీకటి గదిలో వదిలేస్తారు. బూజు రెండో కొస వైపు పాకుతూ పోతుంది. కొంత దూరం నున్నగా, పలచగా పాకుతుంది, తర్వాత ఒకచోట గుబురుగా లేచి నారింజరంగు సిద్ధబీజాలు (కొత్త బూజు మొలిచే నలుసులు) పెడుతుంది, మళ్లీ పలచగా, మళ్లీ గుబురుగా. రోజుకొకసారి లోపలికి వెళ్లి, ఎర్ర లైటు వెలుతురులో బూజు ఎంతవరకు వచ్చిందో గొట్టం మీద పెన్నుతో గీత పెట్టుకుంటారు. ఎర్ర లైటే ఎందుకంటే దాని గడియారం నీలి వెలుతురుకు కదులుతుంది, ఎరుపుకు కదలదు. వారం తర్వాత గొట్టం తీసి చూస్తే చారలు చారలుగా ఉంటుంది, చారకూ చారకూ మధ్య దాదాపు 22 గంటలు. ఎండ లేదు, పొద్దు లేదు, ఎవరూ చెప్పలేదు. బూజు తన డైరీ తనే రాసుకుంది.

బయట మామూలుగా పగలూ రాత్రీ తగులుతుంటే అదే గడియారం 24 గంటలకు సర్దుకుంటుంది. మన శరీరం కూడా చేసేది అదేలెండి, విమానం దిగిన మొదటి వారం తప్ప.

మరి లోపల ఆ గడియారం ఎలా నడుస్తుంది?

ఫ్రీక్వెన్సీ అనే జన్యువు ఒకటుంది, ముద్దుగా ఎఫ్‌ఆర్‌క్యూ అంటారు. దాని నుంచి ఒక ప్రొటీన్ తయారవుతుంది. ఆ ప్రొటీన్ సరిపడా పోగయ్యాక తనను తయారుచేయిస్తున్న వైట్ కాలర్ అనే ప్రొటీన్ల జంటను తనే ఆపేస్తుంది. తర్వాత దానికి ఒక్కొక్కటిగా ఫాస్ఫేట్లు అంటుకుంటూ, అరిగిపోతూ, విరిగిపోతుంది. అది తగ్గగానే తయారీ మళ్లీ మొదలు. మిద్దె మీద వాటర్ ట్యాంకులో బంతి వాల్వు నిండితే మూస్తుంది, ఖాళీ అయితే తెరుస్తుంది చూడండి, అలాంటిదే, కాకపోతే ఇక్కడ ఒక్క చుట్టు తిరగడానికి దాదాపు రోజు పడుతుంది. మెదడు అక్కర్లేదు, ఒక్క కణం చాలు.

1973లో ఫెల్డ్‌మన్, హోయల్ ఈ జన్యువులో తేడాలున్న బూజులను పట్టుకున్నారు. ఆ వరసలో ఒకదాని రోజు 16 గంటలే, ఇంకోదానిది 29 గంటలు. ఒక్క జన్యువులో చిన్న మార్పుకు రోజు దాదాపు ఆరు గంటలు కుదించుకుపోయింది. కథలో కోళ్లు, బర్రెల పొద్దు తప్పించే ఐడియా నాకు ఇక్కడి నుంచే వచ్చింది. ఇంకో వింత: మామూలుగా రసాయన చర్యలు వేడి పెరిగితే వేగం పెరుగుతాయి, ఈ గడియారం మాత్రం గది చల్లగా ఉన్నా, కొంచెం వేడిగా ఉన్నా దాదాపు అదే టైం చెప్తుంది. ఎండాకాలంలో ఒక టైం, చలికాలంలో ఇంకో టైం చెప్పే గడియారం ఎవరికీ పనికిరాదు కదా.

భూమి తిరగడాన్ని పసిగట్టి అలా చేస్తుందేమో?

ఈ అనుమానం సైంటిస్టులకూ వచ్చింది. అందుకే 1983 నవంబర్‌లో కొలంబియా అంతరిక్ష షటిల్‌లో, స్పేస్‌ల్యాబ్ అనే ప్రయోగశాల మొదటి ప్రయాణంలో ఈ బూజు గొట్టాలను పైకి పంపారు. కొన్నింటిలో చారలు కింద ఉన్నంత స్పష్టంగా పడలేదు గానీ లయ ఆగలేదు. గడియారం లోపలే ఉంది.

సరే, టైం తెలియడం ఒప్పుకుంటాం. ఇంకొకరి కాలాన్ని మార్చడం మాత్రం కట్టుకథే కదా?

కథలో మార్చే తీరు కట్టుకథ. మార్చడం అనేది కాదు.

ఒఫియోకార్డిసెప్స్ అనే శిలీంధ్రం చీమలకు పడుతుంది. సోకిన చీమ తన దారి వదిలేసి, కింది కొమ్మల దాకా దిగి, ఆకు అడుగున నడిమి ఈనెను దవడలతో పట్టి కరిచి, అలాగే చచ్చిపోతుంది. తర్వాత దాని తల వెనక నుంచి శిలీంధ్రం కాడ లేస్తుంది, నేల మీద పోయే చీమల మీద బీజాలు రాలుస్తుంది. థాయ్‌లాండ్ అడవిలో గమనించినవాళ్లు 2011లో రాసినదాని ప్రకారం చీమలు ఆ చివరి కాటు వేసేది మిట్టమధ్యాహ్నం ప్రాంతంలో. ఏ పూటంటే ఆ పూట కాదు. ఇంకా విచిత్రం, 2017లో చీమ శరీరాన్ని సూక్ష్మంగా కోసి చూస్తే కండరాల చుట్టూ శిలీంధ్ర కణాలు అల్లుకుని ఉన్నాయి, మెదడు లోపలికి మాత్రం పోలేదు. అంటే డ్రైవర్‌ని కదపలేదు, స్టీరింగ్ పట్టుకుంది. ఈ సంగతి చదివాకే నేను కథలో ఊరి పెద్దాయన పాత్రను మార్చి రాశాను: ఆయనకు తెలివి అంతా ఉంటుంది, ఎన్ని గంటలైందో తెలుసు, కాళ్లు మాత్రం ఇంకో టైం ప్రకారం లేస్తాయి.

రెండోది అమెరికా సికాడా పురుగులది, మన ఇలకోళ్ల చుట్టాలు. వాటిలో కొన్ని జాతుల పిల్లపురుగులు మట్టిలో 13 ఏళ్లు, కొన్ని 17 ఏళ్లు ఉండి, అన్నీ ఒకేసారి పైకి వస్తాయి. మాసోస్పోరా అనే శిలీంధ్రం బీజాలు కూడా మట్టిలో అంతకాలం పడి ఉండి, అవి పైకొచ్చే వేళకు అంటుకుంటాయి. పదిహేడేళ్ల అపాయింట్‌మెంట్ తప్పని జబ్బు! అంటుకున్నాక పురుగు పొట్ట వెనక భాగం ఊడిపోయి అక్కడ తెల్లటి బీజాల ముద్ద మిగులుతుంది, అయినా పురుగు ఆగదు, తిరుగుతూ, జతకట్టబోతూ, బీజాలు రాలుస్తూనే ఉంటుంది. 2019లో వీటిలో క్యాథినోన్ అనే ఉత్తేజకం దొరికింది, అది యాంఫెటమిన్ కుటుంబంలోది. చావాల్సిన ప్రాణికి ఇంకొంత పని గంటలు పొడిగించడం అన్నమాట. నా కాలగొడుగు ఇంత క్రూరంగా ఉండదు, నిజం చెప్పాలంటే నాకు అంత ధైర్యం చాలలేదు.

గురుత్వాకర్షణతో కాలం నెమ్మదిస్తుందంటారు కదా, అది వాడుకోవచ్చుగా?

ఈ ప్రశ్న ఫిజిక్స్ చదివే పిల్లలు పంపుతుంటారు, ఇష్టమైన ప్రశ్న కూడా. నేలకు దగ్గరగా కాలం కాస్త నెమ్మదిగా, ఎత్తుకు పోయేకొద్దీ కాస్త వేగంగా నడుస్తుంది, ఇది కొలిచి తేల్చిన విషయం. జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు వేగం, ఎత్తు రెండూ కలిపి చూస్తే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి, దాన్ని సరిచేయకపోతే మీ క్యాబ్ పక్క వీధికి పోతుంది. 2022లో అమెరికాలో జిలా అనే ప్రయోగశాలవాళ్లు ఒక్క మిల్లీమీటరు ఎత్తు తేడాలో కూడా దీన్ని కొలిచారు.

కాబట్టి పది సెంటీమీటర్ల పుట్టగొడుగులో గొడుగు కన్నా కాడ మొదలు నిజంగానే వయసులో చిన్నది. ఎంత చిన్నదో లెక్కేస్తే, విశ్వం పుట్టి గడిచిన 1380 కోట్ల ఏళ్లు మొత్తం ఆ పుట్టగొడుగు బతికినా తేడా ఐదు సెకన్ల లోపే. దీంతో కథ నడపలేం. పెంచాలంటే ఆ దుంగ కింద ఒక నక్షత్రం బరువు పెట్టాలి, అప్పుడు ఊరూ ఉండదు, కోడీ ఉండదు.

రాత్రిపూట కాలగొడుగులు వెలుగుతాయని రాశారు. అది మరీ సినిమాటిక్‌గా లేదా?

వెలిగే పుట్టగొడుగులు నిజంగానే చాలా ఉన్నాయి. బ్రెజిల్‌లో కొబ్బరిజాతి చెట్ల అడుగున నియోనోథోపానస్ గార్డ్‌నెరి అనేది పచ్చగా వెలుగుతుంది. 2015లో వచ్చిన పరిశోధన చెప్పిందేమంటే ఆ వెలుగు ఇరవైనాలుగు గంటలూ ఒకేలా ఉండదు, లోపలి గడియారం ప్రకారం రాత్రికి పెరుగుతుంది. ఎందుకు పెరుగుతుందో తేల్చడానికి వాళ్లు ప్లాస్టిక్ పుట్టగొడుగులు చేసి, లోపల పచ్చ ఎల్‌ఈడీ లైట్లు పెట్టి, జిగురు పూసి అడవిలో నిలబెట్టారు. లైటున్నవాటికి పురుగులు ఎక్కువ అంటుకున్నాయి. బీజాలు మోసుకుపోయేవాళ్లు రావాలంటే చీకట్లోనే బోర్డు వెలిగించాలి, పగలు కరెంటు దండగ.

కాలగొడుగు తింటే ఏమవుతుంది?

కథలో ఎవరూ తినరు. కావాలనే తినిపించలేదు, ఎందుకంటే ఈ ప్రశ్న వెనక ఇంకో ప్రశ్న ఉంటుందని నాకు తెలుసు. సైలోసైబిన్ (భ్రమలు కలిగించే మత్తు పదార్థం) ఉన్న పుట్టగొడుగుల గురించే అడుగుతున్నట్లయితే: అవును, ఆ మందు ఇచ్చి చేసిన ప్రయోగాల్లో మనుషులు రెండు మూడు సెకన్లు దాటిన వ్యవధులను సరిగ్గా అంచనా వేయలేకపోయారు. మారింది వాళ్ల అంచనా, కాలం కాదు. మన దేశంలో సైలోసైబిన్ 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం జాబితాలో ఉంది. ఇంతకు మించి ఈ పేజీలో ఏమీ దొరకదు.

అడవిలో ఏరుకొచ్చి వండుకునేవాళ్లకు మాత్రం ఒక మాట. అమానిటా జాతి విషపు గొడుగులకు టైంతో ఆడే పాడు అలవాటుంది. తిన్న ఆరు నుంచి పన్నెండు గంటల దాకా ఏమీ తెలియదు, తర్వాత వాంతులు, విరేచనాలు, ఆ తర్వాత ఒక రోజు తగ్గినట్టే ఉంటుంది, ఇంటికి పోదాం అనుకుంటారు, ఈలోగా కాలేయం పాడైపోతుంటుంది. వండినా ఆ విషం పోదు. రాత్రి తిని తెల్లవారుజామున వాంతులు మొదలైతే ‘అది కాదులే, పెరుగు పులిసిందేమో’ అనుకోకుండా ఆస్పత్రికి పోయి, పుట్టగొడుగులు తిన్నామని డాక్టరుకు చెప్పండి. మిగిలిన ముక్క ఉంటే పట్టుకుపోండి.

ఆదిలాబాద్ అడవే ఎందుకు? తెలుగు కథ కాబట్టా?

కొంత అందుకే. ఇంకొంత పుట్టకొక్కుల వల్ల. తొలివానలకు చెదల పుట్టల మీద లేచే ఆ తెల్లటివి తిన్నవాళ్లకు చెప్పక్కర్లేదు, వాటికోసం పొద్దున్నే, పక్కవాళ్లకన్నా ముందే, ఎవరికీ చెప్పకుండా పోతారు, ఆలస్యమైతే పురుగు పడుతుంది. వాటి జాతి పేరు టెర్మిటోమైసిస్. చెదలు పుట్టలోపల ఆకూ కట్టే నమిలి మడులు కట్టి ఈ శిలీంధ్రాన్ని సాగుచేస్తాయి, మూడు కోట్ల ఏళ్లుగా చేస్తున్నాయని అంచనా. మనం వ్యవసాయం మొదలుపెట్టి ఇంకా పన్నెండు వేల ఏళ్లు. ఏడాది పొడుగునా పుట్ట చీకట్లో, ఎండ తగలని చోట ఉండే ఆ ప్రాణి సరిగ్గా వానల వేళకు గొడుగు లేపుతుంది. కథ పుట్టడానికి ఇంకేం కావాలి?

మరి నల్లమద్ది దుంగ ఎందుకు, పుట్ట మీదే పెట్టొచ్చుగా అంటే, పుట్ట మీద పెడితే అందరూ పాముకథ అనుకుంటారు.

ఉరుములకు పుట్టగొడుగులు లేస్తాయంటారు. కథలో పిడుగు సీను అందుకేనా?

అందుకే. ఊళ్లల్లో చెప్పే ఈ మాట జపాన్‌లోనూ ఉంది, అక్కడ ఇవాటే యూనివర్సిటీవాళ్లు ఊరుకోకుండా షిటాకే అనే తినే పుట్టగొడుగులు పెంచే దుంగలకు క్షణంలో చిన్నభాగం పాటు అధిక వోల్టేజీ ఇచ్చి చూశారు, దిగుబడి పెరిగింది. దయచేసి ఇంట్లో ఇన్వర్టర్‌తో ప్రయత్నించకండి.

కాలగొడుగు ఎంతకాలం బతుకుతుంది?

గొడుగు నాలుగు రోజులు, కింది పోగులు ఊరికన్నా ముందు నుంచి. ఇది పెద్ద అతిశయోక్తి కాదు. అమెరికాలో ఓరెగాన్ రాష్ట్రం మాల్యూర్ అడవిలో ఒకే ఒక ఆర్మిలేరియా శిలీంధ్రం 965 హెక్టార్లలో, అంటే దాదాపు 2,400 ఎకరాల్లో పాకి ఉంది. దాని వయసు తక్కువలో తక్కువ లెక్కేసినా 1,900 ఏళ్లు, పై అంచనా 8,650 ఏళ్లు. అది బతికిన అడవిలో చెట్లు పుట్టి, దాని చేతిలోనే చచ్చి, మళ్లీ పుట్టాయి.

ఇటువైపు లైకెన్లను చూడండి, శిలీంధ్రం, నాచు కలిసి రాళ్ల మీద కాపురం చేసేవి. పసుపుపచ్చగా పటంలా పరుచుకునే రైజోకార్పన్ జాతి ఏడాదికి మిల్లీమీటరు కూడా పెరగదు. 1950లలో బెషెల్ అనే ఆస్ట్రియా శాస్త్రవేత్త ఆ మచ్చల వెడల్పు కొలిచి, హిమానీనదం ఆ రాళ్లను వదిలేసి ఎన్నేళ్లైందో చెప్పే పద్ధతి తెచ్చాడు. శిలీంధ్రానికి టైం తెలియడం ఒక ఎత్తు, మనం దాన్ని చూసి టైం తెలుసుకోవడం ఇంకో ఎత్తు. మూడో కథలో సర్వేయర్ రాయి మీద స్కేలు పెట్టి కొలిచేది ఇదే.

పసుపురంగు జిగురు ప్రాణి ఒకటి టైం గుర్తుపెట్టుకుంటుందట, అది కూడా కాలగొడుగేనా?

ఫైసారం గురించి అడుగుతున్నారు. అది శిలీంధ్రం కాదు, అమీబాల వైపు చుట్టం. 2008లో జపాన్‌వాళ్లు దాన్ని గంటకొకసారి చొప్పున మూడుసార్లు చలికి, పొడిగాలికి గురిచేసి, నాలుగోసారి ఏమీ చేయకుండా వదిలేశారు, అయినా సరిగ్గా ఆ వేళకు వాటిలో కొన్ని నడక తగ్గించుకున్నాయి. గొప్ప సంగతే, కానీ నా కథల్లోకి రాదు.

వెనక్కి పోవచ్చా? చచ్చిపోయినవాళ్లు తిరిగొస్తారా?

రారు. ఇది ఎన్నిసార్లు అడిగినా మారదు. లోపలి గడియారాన్ని తొందరపెట్టొచ్చు, ఆలస్యం చేయొచ్చు, ముల్లును వెనక్కి తిప్పలేరు. అలా తిప్పితే ఏ పాత్ర చేసిన పనికీ విలువ ఉండదు, రాసేవాడికి బద్ధకం వస్తుంది.

నేను కూడా కాలగొడుగుల మీద కథ రాయొచ్చా?

నిక్షేపంగా రాసుకోండి. గడియారం మారకూడదు, కాలం వెనక్కి పోకూడదు, ఊరికే ఏమీ రాకూడదు. మూడోది వివరంగా చెప్పాలంటే, ఒకరి దగ్గర నెమ్మదించిన కాలం శిలీంధ్రం ఎదుగుదలకు ఖర్చవ్వాలి. అది దేవత కాదు, దాని కూడు అది తింటోంది. ఈ మధ్య వచ్చిన ఒక కథలో కాలగొడుగు మనుషులకు కలలో కనిపించి నీతులు చెప్పింది, బాగా రాశారు, కానీ అది కాలగొడుగు కాదు, స్వామీజీ.

రెండు వేర్వేరు కాలగొడుగులు ఒకే దుంగలో ఎదురైతే ఏమవుతుంది?

ఇది ఎవరూ అడగరేమో అనుకుంటుండగా పోయిన నెల ఒకమ్మాయి అడిగింది. నిజం శిలీంధ్రాల్లో రెండు వేరు వేరు ప్రాణుల పోగులు కట్టెలో తారసపడితే చాలాసార్లు కలవవు, మధ్యలో నల్లటి గట్టి గోడ కడతాయి. ఆ కట్టెను కోస్తే పలక మీద సిరాతో గీసినట్టు సన్నటి వంకర గీతలు కనిపిస్తాయి. గిన్నెలు, పెన్నులు చెక్కేవాళ్లు విదేశాల్లో ఆ కట్టెకు ఎక్కువ డబ్బులిచ్చి కొంటారు. కాబట్టి కథలో అయితే ఆ గీతకు అటు ఒక పొద్దు, ఇటు ఒక పొద్దు ఉండాలి. వచ్చే కథలో ఊరి వడ్రంగి ఆ దుంగను తలుపు చేయబోతున్నాడు, ఇంతకన్నా చెప్తే కథ మొత్తం ఇక్కడే అయిపోతుంది.